దొర్లే బొమ్మను సరిచేయకండి

జోన్ జోనాస్ గురించి ఏ పరిచయం చదివినా ఒక క్రియ తప్పకుండా తగులుతుంది: కలపడం. ప్రదర్శననీ, వీడియోనీ, సినిమానీ, బొమ్మలు గీయడాన్నీ కలిపిన కళాకారిణి అంటారు. 2024లో న్యూయార్కు మ్యూజియమ్ ఆఫ్ మోడర్న్ ఆర్ట్ ఆమె యాభై ఏళ్లకు పైబడిన పనిని ఒక్కచోట పెట్టి చూపినప్పుడు వచ్చిన రాతల్లోనూ మళ్లీ అదే మాట. మెచ్చుకోలుగానే అంటున్నారు, అందులో అనుమానం లేదు. కానీ ఆ క్రియ తప్పు. పదం దగ్గరే ఆగిపోయే తప్పయితే ఇంత రాయాల్సిన అవసరం ఉండేది కాదు. ఆ మాటను నమ్మి ఆమె పనిని తెర మీద చూపించేవాళ్లు, పాత టేపుల్ని బాగుచేసేవాళ్లు, క్లాసులో చూపించి పాఠం చెప్పేవాళ్లు ఆ పనిని తెలియకుండానే పాడుచేసే ప్రమాదం ఉంది. నా బాధ అదీ.

కలపడం అంటే పాలలో నీళ్లు పోసినట్టు ఒకటి ఇంకొకదాంట్లోకి పోవాలి. ఏది ఎక్కడ మొదలైందో తెలియకూడదు. జోనాస్ అద్దాన్ని మనిషి ముందు పెడుతుంది, మనిషిని కెమెరా ముందు పెడుతుంది, కెమెరాను మోనిటరు ముందు పెడుతుంది. పెట్టిన ప్రతిసారీ ఆ రెంటి మధ్య ఒక సందు బయటపడుతుంది. ఎదురుగా నిలబడ్డ మనిషి ఒకలా, మోనిటరులో అదే మనిషి ఇంకోలా ఉంటారు. కంటికి కనిపించిన దెబ్బ చెవికి వచ్చేసరికి ఆ చెయ్యి ఇంకెక్కడో ఉంటుంది. ఆ సందులోనే ఆమె కళ ఉంది. అది పనిముట్టుకున్న ఏదో ఒక చేతకానితనం వల్ల పుడుతుంది: అద్దం బరువు, చప్పుడు నడక, పాత టీవీలో బొమ్మ నిలవకపోవడం. మనం మంచి మనసుతో ఆ చేతకానితనాన్ని నయం చేశామా, సందు పూడిపోతుంది.

అద్దం బరువు

ఆమె శిల్పం చదువుకుంది. ఈ సంగతి జీవిత చరిత్రల్లో ఒక వాక్యంతో పోతుంది గానీ, 1969, 1970లలో చేసిన మిర్రర్ పీస్ ప్రదర్శనలను అర్థం చేసుకోవడానికి తాళంచెవి అదే. నిలువెత్తు అద్దాల్ని ఒంటికి అడ్డంగా పట్టుకుని కొందరు మెల్లగా, ఒక క్రమంలో నడుస్తారు, ఆగుతారు, తిరుగుతారు. ఎదురుగా కూర్చున్నవాళ్లకి అద్దంలో తామే కనిపిస్తారు, పక్కవాళ్లు కనిపిస్తారు, వెనక గోడ కనిపిస్తుంది. ప్రదర్శకురాలి తల అద్దం పైన, కాళ్లు అద్దం కింద, మధ్యలో ఒళ్లు ఉండాల్సిన చోట ప్రేక్షకుల వరస.

ఇది చేతులతో చేసే పని కాబట్టి లెక్కలు చూడాలి. 5 మిల్లీమీటర్ల మందం గాజు చదరపు మీటరుకు పన్నెండున్నర కిలోలు తూగుతుంది. మీటరున్నర పొడవు, అర మీటరు వెడల్పు అద్దం అంటే తొమ్మిది కిలోల పైమాటే. దాన్ని అంచుల దగ్గర వేళ్లతో పట్టుకుని, నిటారుగా, చాలాసేపు కదపాలి. ఇంకో లెక్క ఇంతకంటే ముఖ్యం. అద్దం 1 డిగ్రీ తిరిగితే అందులోంచి వెనక్కి వచ్చే చూపు 2 డిగ్రీలు తిరుగుతుంది. పది మీటర్ల దూరంలో అది 35 సెంటీమీటర్లు. అంటే మణికట్టు ఒక్క డిగ్రీ సడలితే, అద్దంలో కనిపించే ముఖం దాదాపు పక్క కుర్చీలోకి మారిపోతుంది. ఆ నడక అంత నెమ్మదిగా ఎందుకుండాలో ఇప్పుడు తెలుస్తుంది. దాన్ని ధ్యానముద్ర అనీ, కర్మకాండ అనీ వర్ణించే రాతలు చాలా ఉన్నాయి. అవి తప్పని అనను. కానీ మొదటి కారణం చేతిలో ఉన్న బరువు, పగిలితే తెగుతుందన్న భయం. ఆ భయం చూసేవాళ్లకీ పాకుతుంది.

ఈ పనిని ఇవాళ ఎవరైనా మళ్లీ చేద్దామంటే భద్రత చూసేవాళ్ల నుంచి మొదట వచ్చే సలహా ఊహించవచ్చు: గాజు బదులు యాక్రిలిక్ అద్దం వాడండి. యాక్రిలిక్ సాంద్రత గాజులో సగం కూడా ఉండదు, పగిలినా గాజులా కోసుకుపోయే పెంకులవదు. అయితే పలచటి యాక్రిలిక్ రేకు నిలువుగా పట్టుకుంటే వంగుతుంది, ప్రతిబింబం సాగుతుంది, సంతలో పెట్టే వంకర అద్దంలా నవ్వు తెప్పిస్తుంది. వంగకుండా వెనక చట్రం కట్టవచ్చు. అప్పుడు బింబం బాగానే ఉంటుంది, కానీ తేలిక కాబట్టి నడక తనంతట తనే జోరందుకుంటుంది. నెమ్మదిగా నడవండని చెప్పాల్సి వస్తుంది. చెప్పి నడిపించిన నెమ్మదికీ, బరువు నడిపించిన నెమ్మదికీ తేడా వెనక వరసలో కూర్చున్నవాళ్లకి కూడా తెలుస్తుంది. భద్రత అక్కర్లేదని నా ఉద్దేశం కాదు. గాజు వెనక వైపు పగిలినా పెంకులు జారని ఫిల్ము అతికించి, అంచులు నునుపుగా సాన పెట్టించి, చేతికి పలచటి తొడుగులిచ్చి అదే బరువుతో చేయవచ్చు. బరువు తగ్గించడం మాత్రం చివరి దారి కావాలి.

కన్ను దగ్గరంటుంది, చెవి దూరమంటుంది

1970లో ఆమె జపాన్ వెళ్లింది. అక్కడి నుంచి తెచ్చుకున్న సోనీ పోర్టపాక్ వీడియో కెమెరా గురించి అందరూ రాస్తారు. అక్కడి రంగస్థలం నుంచి ఆమె పనిలోకి వచ్చిన కర్రముక్కల చప్పుడు గురించి రాసేవాళ్లు తక్కువ. నా లెక్కలో రెండూ సమానం. అదే ఏడాది లాంగ్ ఐలాండ్‌లోని జోన్స్ బీచ్ దగ్గర చేసిన ప్రదర్శనలో ప్రేక్షకుల్ని దాదాపు పావు మైలు దూరంలో నిలబెట్టింది. రెండు కర్రముక్కల్ని తలపైన ఠక్కుమని కొడతారు. కొట్టడం ముందు కనిపిస్తుంది, చప్పుడు తర్వాత వస్తుంది. 1972లో డిలే డిలే అన్న ప్రదర్శనకి ప్రేక్షకులు మాన్‌హాటన్ కింది భాగంలో ఒక మేడ కప్పు మీద నిలబడ్డారు. ప్రదర్శకులు హడ్సన్ నది వైపున్న ఖాళీ స్థలాల్లో చెల్లాచెదురుగా ఉన్నారు. తర్వాత అదే రోమ్‌లో టైబర్ ఒడ్డున జరిగింది.

20 డిగ్రీల ఎండలో చప్పుడు సెకనుకు 343 మీటర్లు నడుస్తుంది, గడ్డకట్టే చలిలో 331. పావు మైలు అంటే 400 మీటర్లు. ఆలస్యం సెకనూ కొంచెం. ఆ కొంచెంలో కొట్టిన చేతులు విడిపోయి, మళ్లీ చాచుకుని ఉంటాయి. అంటే మనం వినే ఠక్కు, చాచిన ఖాళీ చేతుల నుంచి వస్తున్నట్టు ఉంటుంది.

దీన్ని మళ్లీ చేయాలనుకునే విద్యార్థులు పడే గొయ్యి ఒకటుంది. 343 మీటర్ల దూరంలో నిలబడి సరిగ్గా సెకనుకొకసారి కొట్టారనుకోండి. మొదటి దెబ్బ చప్పుడు రెండో దెబ్బ కనిపించే క్షణానికి వస్తుంది, రెండోదాని చప్పుడు మూడోదానికి. చూసేవాళ్లకి కన్నూ చెవీ చక్కగా కుదిరిపోయినట్టే ఉంటుంది, ఆలస్యం మాయమవుతుంది! కొట్టడం ఆపినప్పుడు ఒక చప్పుడు మిగిలిపోయి అనాథలా వస్తుంది, అప్పుడు గానీ తెలియదు. అందుకే తాళం సమంగా ఉండకూడదు, లేదా దూరం లెక్కకు పొసగని వేగంలో ఉండాలి. గాలి వాలు కూడా చూడాలి. ప్రేక్షకుల వైపు నుంచి ప్రదర్శకుల వైపు గాలి వీస్తుంటే చప్పుడు పైకి వంగి తలల మీదుగా పోతుంది, ఎంత గట్టిగా కొట్టినా వినబడదు. దగ్గర్లో పెద్ద గోడ ఉంటే ప్రతిధ్వని వచ్చి ఏ చప్పుడు ఏ దెబ్బదో చెప్పలేని గందరగోళం. నగరంలో ఇది తప్పదు. ఆ గందరగోళంలో కొంత పని స్వభావంలోనే ఉంది కూడా.

1973లో ఇదంతా 16 ఎంఎం సినిమాగా మారింది. పేరు సాంగ్‌డిలే. నలుపు తెలుపు, 18 నిమిషాల 35 సెకన్లు, కెమెరా రాబర్ట్ ఫియోరే. కళాకారుడు గోర్డన్ మాటా-క్లార్క్, నర్తకుడు స్టీవ్ పాక్స్టన్ వంటివాళ్లు అందులో కనిపిస్తారు. ప్రదర్శనను సినిమా తీశారు అని దీన్ని ఒక్క ముక్కలో తేల్చేయడం పెద్ద అన్యాయం. మేడ మీద నిలబడ్డవాళ్లకి ఒకే ఒక దూరం ఉంది. సినిమాలో రెండు దూరాలు వచ్చాయి. టెలిఫోటో లెన్సు ఎక్కడో ఉన్న మనిషిని పట్టుకొచ్చి మన ముక్కు ముందు నిలబెడుతుంది. అతనికీ, వెనక నదికీ మధ్య ఉన్న నేలంతా నలిగి పలచటి అట్టలా అవుతుంది. నదిలో పోయే ఓడ మనుషుల వీపుల్ని రాసుకుంటూ పోతున్నట్టు కనిపిస్తుంది. కన్ను ఇలా మోసపోతున్నప్పుడు చప్పుడు మాత్రం తన నడక తను నడుస్తుంది. బొమ్మకీ చప్పుడుకీ పొత్తు కొన్నిచోట్ల కుదురుతుంది, కొన్నిచోట్ల తప్పుతుంది. కన్ను దగ్గరన్న మనిషిని చెవి దూరమంటుంది. ఏది నమ్మాలో తెలియని ఆ తికమకలో ఉంచడం కోసమే సినిమా తీసింది.

ఇప్పుడు ప్రొజెక్టరు సంగతి. 16 ఎంఎం ప్రింటులో ధ్వనిచార, అంటే ఫిల్ము అంచున చప్పుడు నమోదైన పట్టీ, తన బొమ్మ కంటే 26 ఫ్రేములు ముందుంటుంది. బొమ్మ వెలుగు పడే గేటు దగ్గరున్నప్పుడు దాని చప్పుడు, కింద చప్పుడు చదివే సౌండ్ డ్రమ్ము మీదికి రావాలి, మధ్యలో ఫిల్ము లూపు సరైన కొలతలో ఉండాలి. లూపు అయిదు ఫ్రేములు పెరిగిందంటే చప్పుడు సెకనులో అయిదో వంతు జారుతుంది. మామూలు సినిమాలో పెదాలు చూసి ఎవరైనా పట్టేస్తారు. సాంగ్‌డిలేలో ఎవరూ పట్టలేరు, ఎందుకంటే అందులో చప్పుడు ఆలస్యం కావడమే పద్ధతి. సెకనుకు 24 ఫ్రేముల లెక్కన ఒక ఫ్రేము కాలంలో చప్పుడు పద్నాలుగు మీటర్ల పైన నడుస్తుంది. అయిదు ఫ్రేముల పొరపాటు అంటే తెర మీది మనిషిని డెబ్బై మీటర్లు జరిపేసినట్టే. ఈ సినిమా వేసే ముందు అదే ప్రొజెక్టరు మీద, పెదాల కదలిక స్పష్టంగా ఉన్న ఇంకో రీలు ఒక నిమిషం వేసి చూసుకోవాలి. పది నిమిషాల పని. ఫైలు రూపంలో చూపేటప్పుడు ప్రమాదం ఇంకోలా వస్తుంది: చప్పుడు తేడాగా ఉందని ఎవరో శ్రద్ధగల టెక్నీషియన్ ఒక చోట కర్రల దెబ్బకి కలిపేసి, ఆ లెక్కనే సినిమా అంతా జరిపేస్తాడు. అతని శ్రద్ధను తప్పుబట్టలేం. ఇక్కడ కలపకూడదని అతనికి రాతపూర్వకంగా చెప్పని వాళ్లది తప్పు.

యాభైతొమ్మిదికీ అరవైకీ మధ్య

వర్టికల్ రోల్. 1972, వీడియో, 19 నిమిషాల 38 సెకన్లు. పిక్చర్ ట్యూబు టీవీలు చూసిన తరానికి ఇందులో కనిపించేది కొత్త కాదు: బొమ్మ నిలవకుండా దొర్లుతూ ఉంటుంది, మధ్యలో ఒక నల్లటి అడ్డపట్టీ తిరుగుతూ ఉంటుంది.

ఎందుకు దొర్లుతుందో తెలిస్తే ఆమె చేసిన పని విలువ తెలుస్తుంది. అమెరికా పద్ధతి సిగ్నల్లో సెకనుకు 60 ఫీల్డులు వస్తాయి. ఫీల్డు అంటే ఒక ఫ్రేములో గీత విడిచి గీతగా వచ్చే సగం బొమ్మ. ప్రతి ఫీల్డు చివర, ఇక పైకి వెళ్లు అని చెప్పే ఒక సంకేతం ఉంటుంది. టీవీలో సొంత గడియారం లాంటి సర్క్యూట్ ఒకటి ఎలక్ట్రాన్ పుంజాన్ని కిందకి దించి మళ్లీ పైకి లాగుతుంటుంది. సంకేతం ఆ గడియారాన్ని తట్టి తనతో నడిపించుకుంటుంది. వర్టికల్ హోల్డ్ అన్న మర తిప్పి ఆ పట్టు వదిలిస్తే, గడియారం తన ఇష్టానికి పోతుంది. అది సెకనుకు 59 సార్లు తిరిగి, సిగ్నల్ 60 సార్లు వస్తుంటే, తేడా ఒకటి. బొమ్మ సెకనుకొకసారి పూర్తిగా దొర్లుతుంది. తేడా రెండయితే రెండుసార్లు. ఆ నల్ల పట్టీ రెండు ఫీల్డుల మధ్య ఎప్పుడూ ఉండే ఖాళీ, మామూలుగా తెర అంచు వెనక దాగి ఉంటుంది.

జోనాస్ ఇలా దొర్లుతున్న మోనిటరును రెండో కెమెరాతో తీసింది. ఆ పట్టీ కిందికి తగిలే క్షణానికి చెంచాతో ఠంగుమని కొడుతుంది, కర్రముక్కలు చరుస్తుంది, పట్టీని దాటుతున్నట్టు గెంతుతుంది. కాళ్లు, చేతులు, ముఖం, ముసుగు, ఈకలు, అన్నీ ముక్కలు ముక్కలుగా ఎగిరిపడుతుంటాయి. చివర్లో ఆమె తల కెమెరాకీ మోనిటరుకీ మధ్యలోకి వస్తుంది. వెనక తెర దొర్లుతూనే ఉంటుంది, ముందున్న తల కదలకుండా నిలబడి మన వైపు తిరుగుతుంది.

ఆ చివరి భాగం సాంకేతికంగా ఒక రుజువు కూడా. దొర్లడం టేపు లోపమయితే ఆ తల కూడా దొర్లాలి. దొర్లలేదు. టేపు సిగ్నల్ నిక్షేపంగా ఉంది, దొర్లింది ఆనాడు ఆ గదిలో ఉన్న మోనిటరు. పాత అర అంగుళం టేపులు ఫైళ్లుగా మార్చేవాళ్లు మొదటి అయిదు నిమిషాలు చూసి హెడ్లు తుడవడం, ట్రాకింగ్ సవరించడం మొదలుపెట్టే ముందు చివరి నిమిషం చూస్తే చాలు.

ఈ పని చూడటం కష్టమని నేనూ ఒప్పుకుంటాను. ఇరవై నిమిషాల పాటు కళ్ల ముందు అడ్డపట్టీ, చెవిలో చెంచా. మిణుకుమిణుకుమనే వెలుగు పడనివాళ్లకి గుమ్మం దగ్గరే హెచ్చరిక పెట్టాలి. అయిదు నిమిషాల ముక్క చూపిస్తే సరిపోదా అని అడిగేవాళ్లున్నారు, క్లాసు గంట నిడివి చూసుకుంటే న్యాయమైన ప్రశ్నే. సరిపోదు. మొదట్లో పట్టీ బొమ్మకి అడ్డం వస్తున్న చెడులా ఉంటుంది. కొంతసేపటికి చెవి చెంచాకి అలవాటుపడి, కన్ను పట్టీ కోసం ఎదురుచూడటం మొదలుపెడుతుంది. అప్పుడు అడ్డం వస్తున్నది బొమ్మ అనిపిస్తుంది. ఆ తారుమారు అయిదు నిమిషాల్లో రాదు, వచ్చినా నిలవదు. అది వచ్చాక గానీ చివరి తల అంత దిగ్భ్రాంతి కలిగించదు.

ఇక చూపించడంలో జరిగేవి. కొత్త పలక టీవీలు బొమ్మను మెరుగుపరిచే పేరుతో కొన్ని ఫ్రేములు దాచుకుని ఆలస్యంగా చూపిస్తాయి, చప్పుడు బయటి స్పీకర్ల నుంచి ముందే వచ్చేస్తుంది. ఆ ఆలస్యం 100 మిల్లీసెకన్లనుకుంటే ఆరు ఫీల్డులు. పట్టీ సెకనుకొక చుట్టు తిరుగుతోందనుకుంటే, చెంచా మోగేసరికి అది తగలాల్సిన చోటికి తెర ఎత్తులో పదో వంతు దూరంలో ఉంటుంది. దెబ్బ తప్పింది. ఒక మనిషి తన ఒంటితో అంత కచ్చితంగా కుదిర్చిన తాళం, టీవీ మెనూలో ఒక మీట వల్ల పోయింది. టీవీలో ఆలస్యం తగ్గించే గేమ్ మోడ్ పెట్టాలి, కదలిక నునుపుచేసే సదుపాయం ఆపాలి, మిగిలిన తేడాను చప్పుడు వైపు ఆలస్యం కలిపి సరిచేయాలి. ఫైలు తయారుచేసేటప్పుడు 60 ఫీల్డులనూ 60 ఫ్రేములుగా విప్పాలి. 30 ఫ్రేములకి కుదిస్తే పట్టీ జారడం మాని గెంతుతుంది. 50 ఫీల్డుల పద్ధతికి మార్చితే పక్కపక్క ఫీల్డులు కలిసిపోయి పట్టీకి నీడ పుడుతుంది. తెర నిష్పత్తి 4:3, అటూ ఇటూ నల్లగా వదిలేయాలి. వెడల్పు నింపడానికి సాగదీస్తే ఆమె కాళ్లు పొట్టివవుతాయి.

పిక్చర్ ట్యూబు మోనిటరు దొరికితే అన్నిటికన్నా మంచిది. దొరికినప్పుడు దాని వర్టికల్ హోల్డ్ సరిగ్గా పనిచేయాలి, ఇక్కడ పొరబడేవాళ్లు ఎక్కువ. టేపులో దొర్లుతున్న మోనిటరు బొమ్మ ఉంది. దాన్ని చూపే మోనిటరు కూడా దొర్లితే రెండు దొర్లుళ్లు ఒకదాని మీద ఒకటి పడి చెంచా తాళం పూర్తిగా చెదిరిపోతుంది.

విద్యార్థులు ఈ ప్రయోగాన్ని సొంతంగా చేయాలన్నా పాత టీవీ తప్పనిసరి. పలక టీవీ వచ్చిన సిగ్నల్‌ను ముందు మెమరీలో పెట్టుకుని తర్వాత చూపిస్తుంది. పట్టు తప్పితే దొర్లదు, తెర ఖాళీ అయిపోతుంది. పాత టీవీని డిజిటల్ కెమెరాతో తీసేటప్పుడు షట్టరు 60 ఫీల్డుల టీవీకి 1/60, 50 ఫీల్డుల టీవీకి 1/50 పెట్టాలి. అంతకంటే వేగంగా పెడితే కెమెరా సొంత నల్లపట్టీలు వచ్చి చేరతాయి, వాటికీ అసలు పట్టీకీ తేడా తెలియదు. పాత టీవీ మూత మాత్రం విప్పకండి. తీగ తీసేశాక కూడా ట్యూబు దగ్గర వేల వోల్టులు నిలవ ఉంటాయి. చాలా టీవీలకి ఆ మర బయటే, వెనకవైపో ముందు మూత కిందో ఉంటుంది.

దాడి అన్న మాట

కళా విమర్శకురాలు రోసలిండ్ క్రాస్ 1976లో అక్టోబర్ అన్న కళా విమర్శ పత్రిక మొదటి సంచికలో రాసిన వ్యాసం, వీడియో కళకి మూలం ఆత్మమోహమని వాదించింది. కెమెరా ఒకవైపు, మోనిటరు ఒకవైపు, మధ్యలో తనను తను చూసుకుంటున్న ఒళ్లు. ఆ మోహం నుంచి తప్పించుకోవడానికి వీడియో యంత్రం మీదనే దాడి చేసిన పనిగా ఆమె వర్టికల్ రోల్‌ను చెప్పింది. ఆ వ్యాసం లేకపోతే ఈ విషయం మీద ఆలోచించే భాషే మనకి ఉండేది కాదు. అయినా దాడి అన్న మాట దగ్గర నేను ఆగిపోతాను.

దాడి చేసేవాళ్లు యంత్రాన్ని విరగ్గొడతారు. జోనాస్ ఒక మర కొంచెం తిప్పి, యంత్రం తన లయ తను చూపించేలా చేసింది. తర్వాత ఆ లయకి తన ఒంటిని అప్పగించింది. ఇరవై నిమిషాలు దాన్ని వింటూ, దానికంటే అరక్షణం ముందూ వెనకా కాకుండా కొట్టింది. ఇది సాధన చేసిన నర్తకి తాళంతో చేసే పని. 1960ల చివర్లో త్రిషా బ్రౌన్, ఇవాన్ రైనర్ లాంటి నర్తకుల దగ్గర వర్క్‌షాపులు చేసిన అనుభవం ఇక్కడే పనికొచ్చింది. ఆత్మమోహం అన్నదీ పూర్తిగా అతకదు. అద్దంలో మన కుడిచెయ్యి మన కుడివైపే కనిపిస్తుంది, మోనిటరులో ఎడమవైపు కనిపిస్తుంది. మోనిటరు మనల్ని ఎదుటివాళ్లు చూసినట్టు చూపిస్తుంది. పైగా మోనిటరు వైపు చూస్తే కెమెరాలో చూపు పక్కకి పోతుంది, కెమెరా వైపు చూస్తే మోనిటరు కనబడదు. తన కళ్లలోకి తను చూసుకునే వీలే లేదు. ఇలాంటి యంత్రాన్ని ఆత్మమోహపు అద్దం అనడం కష్టం. అద్దాలతో రెండేళ్లు పనిచేసి వచ్చిన మనిషికి ఈ తేడా మొదటి రోజే చేతికి తగిలి ఉంటుంది.

ఆమే మార్చుకుంటుంటే

నా వాదనకి గట్టి ఎదురు జోనాస్ నుంచే వస్తుంది. ఆమె తన పనిని గాజు పెట్టెలో పెట్టుకున్న మనిషి కాదు. పాత ప్రదర్శనల ముక్కల్ని కొత్తవాటిలో వాడుకుంది, ప్రదర్శనల్ని గదుల్లో అమర్చే ఇన్‌స్టలేషన్లుగా మార్చింది, టేపుల్ని ఫైళ్లుగా, పెద్ద తెరల మీద వేసింది. డిలే డిలే 2018లో లండన్‌లో థేమ్స్ ఒడ్డున మళ్లీ జరిగింది, న్యూయార్కు ఖాళీ స్థలాల ఊసే లేకుండా. అలాంటప్పుడు ఏ మోనిటరు, ఎన్ని ఫీల్డులు అని పట్టుకోవడం ఛాదస్తం కాదా?

ఈ ప్రశ్న నన్ను కొంత వెనక్కి నెట్టిందని ఒప్పుకోవాలి. కానీ ఆమె మార్చినవేవో దగ్గరగా చూడండి. లండన్‌లో ఊరు మారింది. నది ఉంది, దూరం ఉంది, చప్పుడు ఆలస్యంగానే వచ్చింది. 2012లో జర్మనీలోని కాసెల్‌లో జరిగిన డాక్యుమెంటా 13 అన్న అంతర్జాతీయ కళా ప్రదర్శనలో చూపిన రీఅనిమేషన్‌లో పోర్టపాక్ లేదు, దొర్లే తెర లేదు. జేసన్ మోరన్ పియానో వాయిస్తుంటే ఆమె బల్ల దగ్గర బొమ్మలు గీస్తుంది, పైన కట్టిన కెమెరా ఆ చేతిని తెర మీదికి పంపుతుంది. బల్ల దగ్గర వంగిన చిన్న మనిషి ఒకచోట, పెద్ద తెర మీద చెయ్యి ఒకచోట. మనం రెంటినీ ఒకేసారి చూడలేం. పాత సందు పోయిన చోట కొత్తది తవ్వింది. పూడ్చలేదు. ఆమె చేసే మార్పుకీ, ఆలోచన లేకుండా జరిగే సవరణకీ ఇదే తేడా అనుకుంటాను. ప్రదర్శన మళ్లీ చేసేవాళ్లకి నేనివ్వగల కొలబద్ద కూడా ఇంతే: దేన్ని మార్చినా, మార్చాక రెండు విషయాలు ఒకదానితో ఒకటి పొసగకుండా మిగిలాయా అని చూసుకోండి. ఏవి పొసగకూడదో ముందే కాగితం మీద రాసి, టేపుతోపాటు ఆ కాగితాన్నీ భద్రపరచండి. మూల పరికరాల జాబితా కంటే అదే ఎక్కువ కాలం పనికొస్తుంది.

ఆర్గానిక్ హనీ అన్న మారుపాత్రగా చేసిన ప్రదర్శనల్లో జోనాస్ మోనిటరు కోసమే గీసిన ఒక రకం బొమ్మ ఉంది. కాగితం పై సగంలో బొమ్మ కింది భాగం, కింది సగంలో పై భాగం గీస్తుంది. దొర్లే తెరలో ఆ రెండూ పట్టీ దగ్గర ఒకదానికొకటి ఎదురై, ఒక్క క్షణం పూర్తి బొమ్మ కనిపించి విడిపోతుంది. ఆ కాగితాన్ని విడిగా చట్రం కట్టి గోడకి తగిలిస్తే మధ్యకి తెగి తలకిందులైన బొమ్మ, అంతే. పక్కనే దొర్లే తెర ఒకటి ఉండాలి, ఆ తెర ముందు నిలబడి మరను పట్టు తప్పేదాకా తిప్పడం తెలిసిన చెయ్యి ఉండాలి.